నవ్వు వెనుక దాచిన జబ్బు
ఒక టీవీ నటి జీవితం నుండి రోగుల కుటుంబాలకు ఒక పాఠం



మీ ఇంటి మనిషిని ఆసుపత్రిలో చేర్చినప్పుడు మేము చాలా ప్రశ్నలు అడుగుతాము. షుగరు ఉందా, బి.పి. ఉందా, ఇదివరకు ఆపరేషన్ అయిందా అని అడిగితే మీరు వెంటనే చెబుతారు. "మద్యం అలవాటు ఉందా?" అని అడిగినప్పుడు మాత్రం చాలామంది ఒకరి ముఖం ఒకరు చూసుకుంటారు. "అబ్బే, ఎప్పుడైనా పండక్కో పబ్బానికో సిస్టర్" అంటారు. రోజూ తాగే మనిషి గురించి కూడా ఇదే జవాబు వస్తుంది. పరువు పోతుందన్న భయంతో అలా చెబుతారని మాకు తెలుసు. కాని ఆ చిన్న అబద్ధం వల్ల రోగి ప్రాణం మీదికి రావచ్చు.

అందుకే ఈ పాఠంలో మేరీ టైలర్ మూర్ అనే అమెరికా టీవీ నటి జీవితాన్ని మీ ముందు ఉంచుతున్నాను. ఆమె పేరు మీలో చాలామంది విని ఉండకపోవచ్చు. ఆమెకు మద్యపాన వ్యసనం, చక్కెర వ్యాధి రెండూ ఉండేవి. చాలాకాలం దాచిన సంగతిని ఆమె చివరకు అందరికీ తెలిసేలా చెప్పారు, వైద్యం చేయించుకున్నారు, ఆ తరువాత ముప్పై ఏళ్లకు పైగా జీవించారు.

ఎవరీ మేరీ?

మేరీ 1936 డిసెంబరు 29న న్యూయార్క్ నగరంలోని బ్రూక్లిన్‌లో పుట్టారు. తండ్రి గుమాస్తా ఉద్యోగి. ఆమెకు ఎనిమిదేళ్లప్పుడు కుటుంబం లాస్ ఏంజెలెస్‌కు మారింది. చిన్నప్పటినుండి నాట్యమంటే ప్రాణం. 1955లో, ఇంకా ఇరవై ఏళ్లు కూడా నిండకముందే, వంటింటి సామాన్ల ప్రకటనలో చిన్న బొమ్మలాంటి వేషం వేసుకుని నాట్యం చేయడంతో ఆమె టీవీ జీవితం మొదలైంది. అదే ఏడాది పెళ్లి చేసుకున్నారు. 1956లో కొడుకు రిచీ పుట్టాడు.

1961లో మొదలైన 'ది డిక్ వాన్ డైక్ షో' అనే హాస్య ధారావాహికలో ఆమె ఇల్లాలి పాత్ర వేశారు. అది 1966 వరకు నడిచింది. ఆ తరువాత 1970లో ఆమె పేరుతోనే 'ది మేరీ టైలర్ మూర్ షో' వచ్చింది. అందులో ఆమె మిన్నియాపోలిస్ నగరంలో ఒక టీవీ వార్తా కార్యాలయంలో పనిచేసే పెళ్లికాని ఉద్యోగిని. ఆడవాళ్లను ఎక్కువగా ఇల్లాళ్లుగానే చూపించే ఆ రోజుల్లో, సొంత కాళ్ల మీద నిలబడిన స్త్రీని ప్రతివారం ఇంటింటా చూపించిన కార్యక్రమం అది. ఏడేళ్లలో 168 భాగాలు ప్రసారమయ్యాయి. ఆ కార్యక్రమానికి 29 ఎమ్మీ అవార్డులు వచ్చాయి. ఎమ్మీ అంటే అమెరికాలో టీవీ రంగానికి ఇచ్చే పెద్ద బహుమానం. 2002లో మిన్నియాపోలిస్ వీధిలో, టోపీని గాలిలోకి ఎగరవేస్తున్న ఆమె కంచు విగ్రహాన్ని నిలబెట్టారు. జనం ఆమెను అంతగా తమ ఇంటి పిల్లలా చూసుకున్నారు.

తెర మీద ఒకటి, ఇంట్లో ఒకటి

అలాంటి మనిషికి మద్యపాన వ్యసనం ఉందంటే ఎవరు నమ్ముతారు? ఆమె పనికి ఆలస్యంగా వచ్చే మనిషి కాదు. మాటలు మరిచిపోయే మనిషి కాదు. తాగుడంతా సాయంత్రం ఇంటికి చేరాకే. రోజంతా కష్టపడ్డాము, ఇప్పుడు కాస్త సేద తీరుదాము అన్నట్టు మొదలైన అలవాటు, ఏళ్లు గడిచేసరికి అది లేనిదే సాయంత్రం గడవని స్థితికి వచ్చింది. 1995లో రాసిన తన ఆత్మకథ 'ఆఫ్టర్ ఆల్'లో ఆమె ఈ సంగతులన్నీ దాచకుండా రాశారు. తాగి కారు నడిపి, తన ప్రాణంతోపాటు దారిన పోయేవారి ప్రాణాలనూ ప్రమాదంలో పెట్టానని కూడా ఒప్పుకున్నారు.

ఆమె తల్లికి కూడా ఈ జబ్బు ఉండేది. తల్లిదండ్రులకు ఉంటే పిల్లలకు తప్పకుండా వస్తుందని కాదు. కాని వచ్చే అవకాశం ఎక్కువ. షుగరు, బి.పి. ఎలా కుటుంబాల్లో నడుస్తాయో ఇదీ అలాగే. మీ ఇంట్లో పెద్దవారికి ఈ వ్యసనం ఉండి ఉంటే, పిల్లల విషయంలో ముందుగానే జాగ్రత్త పడండి.

ఇంకొక సంగతి కూడా తెలుసుకోండి. మొదటి ధారావాహికలో ఆమెకు భర్తగా నటించిన డిక్ వాన్ డైక్ కూడా మద్యపాన వ్యసనంతో బాధపడ్డారు. 1972లో ఆసుపత్రిలో చేరి చికిత్స తీసుకున్నారు. 1974లో ఒక టీవీ చిత్రంలో తాగుబోతు పాత్ర వేసి, ఇది నా జబ్బు కూడా అని బయటికి చెప్పారు. దేశమంతా చూసి మురిసిపోయిన ఆదర్శ దంపతుల్లో ఇద్దరూ నిజ జీవితంలో ఇదే జబ్బుతో పోరాడారు.

ఇక్కడ గమనించవలసింది ఏమిటి? "మావాడు ఉద్యోగానికి మానకుండా వెళతాడు, జీతం తెచ్చి చేతిలో పెడతాడు, రోడ్డు మీద పడి ఉండడు, కాబట్టి అది వ్యసనం కాదు" అని మనం అనుకుంటాము. వ్యసనాన్ని ఉద్యోగంతో, పరువుతో కొలవలేము. మానాలనుకుంటే మానగలుగుతున్నారా, లేదా? ఒక్క రోజు లేకపోతే చేతులు వణుకుతున్నాయా? వెనుకటికంటే ఎక్కువ తాగితేగాని చాలడం లేదా? ఆరోగ్యం చెడుతోందని తెలిసినా ఆపలేకపోతున్నారా? ఇవీ అడగవలసిన ప్రశ్నలు. మగవారి విషయంలోనే కాదు, ఆడవారి విషయంలోనూ ఇవే ప్రశ్నలు. ఆడవారు తాగితే ఇంట్లోవాళ్లు మరింత గట్టిగా దాస్తారు, అందువల్ల వైద్యం మరింత ఆలస్యమవుతుంది.

షుగరు జబ్బు తోడైనప్పుడు

మేరీకి 33 ఏళ్ల వయసులో గర్భస్రావమై ఆసుపత్రిలో చేరారు. అక్కడ మామూలుగా చేసిన రక్తపరీక్షలో షుగరు చాలా ఎక్కువగా ఉన్నట్టు తెలిసింది. అది టైపు 1 చక్కెర వ్యాధి. అంటే ఒంట్లో ఇన్సులిన్ తయారుకాక, జీవితాంతం ఇన్సులిన్ వేసుకోవలసిన రకం. ఇది చిన్నపిల్లలకే వస్తుందని చాలామంది అనుకుంటారు కాని పెద్దవారికి కూడా వస్తుంది. ఇన్సులిన్ వేసుకుంటూనే ఆమె మద్యం కూడా కొనసాగించారు.

ఈ రెండూ కలిస్తే ఏమవుతుందో ప్రతి కుటుంబమూ తెలుసుకోవాలి. మనం తినకుండా ఉన్న సమయంలో మన కాలేయం రక్తంలోకి కొద్దికొద్దిగా చక్కెరను వదులుతూ ఉంటుంది. మద్యం తాగినప్పుడు కాలేయం ఈ పనిని సరిగా చేయలేదు. ఇన్సులిన్ వేసుకునేవారు, షుగరు తగ్గించే కొన్ని రకాల మాత్రలు వేసుకునేవారు ఏమీ తినకుండా తాగితే షుగరు ప్రమాదకరంగా పడిపోవచ్చు. అది తాగిన వెంటనే జరగకపోవచ్చు. కొన్ని గంటల తరువాత, అర్ధరాత్రి నిద్రలోనో మర్నాడు ఉదయమో జరగవచ్చు.

షుగరు పడిపోయిన మనిషి ఎలా ఉంటాడు? మాట తడబడుతుంది. నడక తూలుతుంది. చెమటలు పడతాయి, చేతులు వణుకుతాయి, పొంతన లేకుండా మాట్లాడతాడు, కోపం చేస్తాడు. తాగిన మనిషి కూడా అచ్చం ఇలాగే ఉంటాడు. అందుకే ఇంట్లోవాళ్లు "తాగి పడుకున్నాడు, తెల్లారితే అదే దిగుతుంది" అని వదిలేస్తారు. తెల్లారేసరికి ఆలస్యమైపోతుంది.

కాబట్టి షుగరు ఉన్న మనిషి తాగి మత్తుగా కనిపిస్తే ముందు గ్లూకోమీటరుతో పరీక్ష చేయండి. 70 కంటే తక్కువ ఉంటే, స్పృహలో ఉండి మింగగలిగితే, మూడు చెంచాల చక్కెర నీళ్లలో కలిపి తాగించండి. పావుగంట తరువాత మళ్లీ పరీక్ష చేయండి. తేరుకున్నాక ఏదైనా అన్నం పెట్టండి. మిషను లేకపోయినా అనుమానం ఉంటే చక్కెర నీళ్లు ఇవ్వండి. స్పృహ లేకపోతే మాత్రం నోట్లో ఏమీ పోయవద్దు. పక్కకు తిప్పి పడుకోబెట్టి, వెంటనే 108కి ఫోన్ చేయండి.

దెబ్బ మీద దెబ్బ

1978లో మేరీ చెల్లెలు ఎలిజబెత్ 21 ఏళ్ల వయసులో మద్యం, మాత్రలు మోతాదు మించి చనిపోయింది. మూడేళ్లు తిరగకముందే, 1980 అక్టోబరులో, ఒక్కగానొక్క కొడుకు రిచీ 24 ఏళ్ల వయసులో చేతిలోని తుపాకి పేలి మరణించాడు. అది ప్రమాదమేనని అధికారులు తేల్చారు. కొడుకును పోగొట్టుకున్న తల్లిగా ఆమె నటించిన 'ఆర్డినరీ పీపుల్' సినిమా విడుదలై అప్పటికి నెల మాత్రమే అయింది. ఆ పాత్రకు ఆమె ఆస్కార్ పోటీలో నిలిచారు. తెర మీద మోసిన దుఃఖమే ఇంట్లోకి నడిచి వచ్చింది. 1981లో రెండవ భర్తతో విడాకులు కూడా అయ్యాయి.

ఇంత దుఃఖం వస్తే ఎవరు మాత్రం తాగకుండా ఉంటారు అని మనకు అనిపిస్తుంది. కాని ఆమె తాగుడు ఈ మరణాలకంటే ముందే మొదలైందని మరచిపోవద్దు. దుఃఖం వ్యసనాన్ని పెంచుతుంది. వ్యసనం దుఃఖాన్ని తీర్చదు. మద్యం కొన్ని గంటలు నిద్ర పుచ్చుతుంది, మర్నాడు అదే దుఃఖాన్ని దిగులుతో కలిపి తిరిగి ఇస్తుంది. ఇంట్లో చావు జరిగిన తరువాత ఎవరైనా తాగుడు పెంచితే, "పోనీలే, బాధలో ఉన్నాడు" అని వదిలేయవద్దు. అప్పుడే వారికి మనిషి తోడు, వైద్యుడి సలహా ఎక్కువ అవసరం.

1984: వైద్యానికి వెళ్లిన ఏడాది

తల్లికి ఒంట్లో బాగా లేనప్పుడు న్యూయార్క్‌లో వైద్యం చేసిన డాక్టర్ రాబర్ట్ లెవీన్‌తో మేరీకి పరిచయమైంది. 1983 నవంబరులో వారిద్దరూ పెళ్లి చేసుకున్నారు. మరుసటి ఏడాది, 1984లో, ఆమె కాలిఫోర్నియాలోని రాంచో మిరాజ్‌లో ఉన్న బెట్టీ ఫోర్డ్ సెంటర్‌లో చేరారు. భర్త డాక్టరే అయినా, వ్యసనానికి ప్రత్యేకంగా వైద్యం చేసే చోటికి ఆమె వెళ్లవలసి వచ్చింది. ఇది సొంత పట్టుదలతోనో ఇంట్లోవాళ్ల ప్రేమతోనో మాత్రమే తగ్గే జబ్బు కాదు.

ఆ కేంద్రం వెనుక కూడా ఒక కుటుంబం కథ ఉంది. బెట్టీ ఫోర్డ్ అమెరికా మాజీ అధ్యక్షుడు జెరాల్డ్ ఫోర్డ్ భార్య. ఆమెకు మద్యానికి, నొప్పి మాత్రలకు అలవాటు పడిన జబ్బు ఉండేది. 1978లో భర్త, పిల్లలు, వైద్యుల సాయంతో ఆమె ఎదుట కూర్చుని, ఆమె తాగుడు వల్ల తాము పడిన బాధను ఒక్కొక్కరుగా చెప్పారు. ఆమె మొదట కోపగించుకున్నారు, ఏడ్చారు, చివరకు వైద్యానికి ఒప్పుకున్నారు. కోలుకున్నాక 1982లో ఈ కేంద్రాన్ని ప్రారంభించారు. విశేషమేమిటంటే 1976లో బెట్టీ ఫోర్డ్, అధ్యక్షుడి భార్యగా ఉన్నప్పుడు, మేరీ ధారావాహికలో ఒక భాగంలో కొద్దిసేపు కనిపించారు. అప్పటికి ఇద్దరికీ ఈ జబ్బు ఉంది. చూసినవారికి ఎవరికీ తెలియదు. ఎనిమిదేళ్ల తరువాత ఒకరు స్థాపించిన చోట మరొకరికి వైద్యం దొరికింది. మొదట ఒకరు నోరు విప్పబట్టే ఇది సాధ్యమైంది.

ఆ తరువాత జీవితం

మద్యం మానగానే అన్నీ చక్కబడలేదు. 1985లో, 1988లో ఆమె కొత్తగా మొదలుపెట్టిన ధారావాహికలు ఎక్కువకాలం నడవలేదు. అయినా ఆమె పని మానలేదు. 1988లో అబ్రహాం లింకన్ భార్యగా నటించారు. 1993లో మరో టీవీ చిత్రానికి ఎమ్మీ అవార్డు అందుకున్నారు.

వైద్యానికి వెళ్లిన ఆ 1984లోనే ఆమె చిన్నపిల్లల చక్కెర వ్యాధిపై పరిశోధనకు నిధులు సేకరించే జె.డి.ఆర్.ఎఫ్. సంస్థకు అంతర్జాతీయ అధ్యక్షురాలయ్యారు. చనిపోయేవరకు ఆ బాధ్యత మోశారు. షుగరు ఉన్న పిల్లలను వెంటబెట్టుకుని అమెరికా చట్టసభ ముందుకు వెళ్లి, పరిశోధనకు డబ్బు కేటాయించమని అడిగారు. ఆ సంస్థ 2024లో 'బ్రేక్‌త్రూ టి1డి' అని పేరు మార్చుకుంది.

చక్కెర వ్యాధి ఆమెను వదలలేదు. చివరి ఏళ్లలో చూపు బాగా దెబ్బతింది. 2011లో మెదడు పొరపై వచ్చిన కణితికి ఆపరేషన్ జరిగింది. అది క్యాన్సరు కాదు. 2012లో నటీనటుల సంఘం ఆమెకు జీవిత సాఫల్య పురస్కారం ఇచ్చినప్పుడు, దానిని అందించింది డిక్ వాన్ డైక్. 2017 జనవరి 25న, 80 ఏళ్ల వయసులో ఆమె కన్నుమూశారు. 48వ ఏట నడుస్తుండగా వైద్యానికి వెళ్లిన మనిషి, మరో ముప్పై రెండేళ్లు ఎందరో పిల్లలకు ఉపయోగపడుతూ బ్రతికారు. మీ ఇంట్లో నలభై, యాభై ఏళ్ల మనిషిని చూసి "ఇక మారడు" అని మీరు అనుకుంటూ ఉంటే ఈ లెక్క ఒకసారి గుర్తు చేసుకోండి.

మీరు ఏమి చేయాలి?

1. ఆసుపత్రిలో నిజం చెప్పండి. రోజూ తాగే మనిషి ఏ జ్వరానికో, కాలు విరిగో ఆసుపత్రిలో చేరితే మద్యం ఒక్కసారిగా ఆగిపోతుంది. కొన్ని గంటల్లో వణుకు, చెమటలు, నిద్ర పట్టకపోవడం మొదలవుతాయి. మొదటి రెండు రోజుల్లో ఫిట్స్ రావచ్చు. రెండు నుండి నాలుగు రోజుల మధ్య కొందరికి మతి చెదిరి, లేనివి కనిపించి, మంచం దిగి పరుగెత్తే స్థితి వస్తుంది. ఇది దయ్యం పట్టడం కాదు, పిచ్చి కాదు. వైద్యం అందకపోతే ప్రాణం పోవచ్చు. ముందే తెలిస్తే డాక్టరుగారు తగిన మందులు, బి1 విటమిను ఇంజెక్షన్లు ఇచ్చి దీనిని చాలావరకు ఆపగలరు. ఎంత తాగుతారు, ఎన్నేళ్లుగా, చివరిసారి ఎప్పుడు అనే మూడు సంగతులు చెబితే చాలు. అందరి ముందు చెప్పలేకపోతే సిస్టర్‌ను పక్కకు పిలిచి చెప్పండి.

2. ఇంట్లో ఒక్కసారిగా మాన్పించవద్దు. గదిలో పెట్టి తాళం వేయడం, ఒట్టు వేయించి ఆ రోజే ఆపించడం, ఎక్కువగా తాగేవారికి ప్రమాదం. మానడం డాక్టరు పర్యవేక్షణలో జరగాలి.

3. తెలియకుండా మందు కలపవద్దు. అన్నంలో, మజ్జిగలో ఏదో పొడి కలిపి పెడితే తాగుడు మానేస్తారని చెప్పి అమ్మేవారు ఉన్నారు. డాక్టరు రాసే డైసల్ఫిరామ్ మాత్రనే కొందరు రహస్యంగా కలుపుతారు. ఆ మాత్ర వేసుకున్నట్టు తెలియని మనిషి తాగితే బి.పి. పడిపోయి, గుండెకు ప్రమాదం రావచ్చు. ఏ మందైనా రోగికి తెలిసి, ఒప్పుకుని, డాక్టరు చెప్పినట్టే వాడాలి. తాగాలన్న కోరికను తగ్గించే వేరే మందులు కూడా ఉన్నాయి. ఏది తగునో డాక్టరుగారు నిర్ణయిస్తారు.

4. మాట్లాడే వేళ చూసుకోండి. తాగి ఉన్నప్పుడు వాదించవద్దు. ఉదయం తెలివిగా ఉన్నప్పుడు, తిట్లు లేకుండా, జరిగినదే చెప్పండి. "నువ్వు తాగుబోతువి" అంటే గొడవే మిగులుతుంది. "మొన్న రాత్రి నువ్వు గుమ్మంలో పడిపోతే చంటిది భయపడి తెల్లవార్లూ ఏడ్చింది, మాకు నువ్వు కావాలి, డాక్టరు దగ్గరికి పోదాం రా" అంటే లోపలికి దిగుతుంది.

5. మళ్లీ తాగితే అంతా పోయిందనుకోవద్దు. షుగరు ఒకసారి పెరిగిందని ఇన్సులిన్ మానేస్తామా? మందు సరిచేసుకుంటాము. ఇదీ అంతే. వెంటనే డాక్టరు దగ్గరికి తిరిగి తీసుకురండి.

6. మీ సంగతి కూడా చూసుకోండి. ఏళ్ల తరబడి ఈ భారం మోసిన భార్యకు, తల్లికి, పిల్లలకు కూడా సాయం కావాలి. తాగుడు మానాలనుకునేవారు ఒకరికొకరు తోడుగా ఉండే 'ఆల్కహాలిక్స్ అనానిమస్' 1935లో అమెరికాలో మొదలైంది. వారి కుటుంబాల కోసం 1951లో 'అల్-అనాన్' ఏర్పడింది. ఆల్కహాలిక్స్ అనానిమస్ సమావేశాలు హైదరాబాదులో కూడా జరుగుతాయి, రుసుము ఉండదు. వ్యసన విముక్తి సలహా కోసం ప్రభుత్వ ఉచిత ఫోన్ నంబరు 14446. మనసు బాగా లేనప్పుడు మాట్లాడటానికి టెలీ మానస్ నంబరు 14416.

ఇంట్లో కూర్చుని మాట్లాడుకోవడానికి ప్రశ్నలు

• మన ఇంట్లో ఎవరి తాగుడు గురించి మనం బయట అబద్ధం చెబుతున్నాము? ఆ అబద్ధం వల్ల ఎవరికి మేలు జరుగుతోంది?
• మన ఇంట్లో షుగరు మందులు వాడుతూ మద్యం తాగేవారు ఉన్నారా? రాత్రివేళ వారి షుగరు పడిపోతే ఏమి చేయాలో ఇంట్లో అందరికీ తెలుసా?
• బెట్టీ ఫోర్డ్ కుటుంబంలాగా మనం కలిసి కూర్చుని మాట్లాడాలంటే, ఆ మనిషి ఎవరి మాట వింటారు? వారిని ఎప్పుడు పిలుద్దాం?

ఈ పుస్తకం చదువుతున్న మీరు ఇప్పుడు వార్డులో రోగి పక్కనే కూర్చుని ఉండవచ్చు. చేర్చేటప్పుడు మద్యం సంగతి చెప్పలేదా? పరవాలేదు, ఎవరూ మిమ్మల్ని తప్పు పట్టరు. డ్యూటీలో ఉన్న సిస్టర్ దగ్గరికి ఇప్పుడే వెళ్లి చెప్పండి.